ఒక్క ఫ్రేము అటూ ఇటూ

చెరువుకి అవతలి గట్టున చాకిరేవులో బట్టలు ఉతుకుతుంటే ఇవతలి గట్టు మీద నిలబడి చూసినవాళ్లకి ఈ సంగతి గుర్తుండే ఉంటుంది. బట్ట బండ మీద పడటం ముందు కనిపిస్తుంది, చప్పుడు ఆ తర్వాత వినిపిస్తుంది. ఆ చప్పుడు మన దాకా వచ్చేసరికి అక్కడ చేతులు మళ్లీ పైకి లేస్తుంటాయి. గాలిలో ధ్వని సెకనుకి దాదాపు 343 మీటర్లు ప్రయాణిస్తుంది. చెరువు వెడల్పు 100 మీటర్లయితే ఆలస్యం 0.29 సెకను. సినిమావాళ్ల లెక్కలో చెప్పాలంటే 7 ఫ్రేములు.

ఎడిటరూ, సౌండ్ ఎడిటరూ రోజంతా బతికేది ఈ లెక్కలోనే. తెర మీద సెకనుకి 24 బొమ్మలు పడతాయి. ఒక్కో బొమ్మ, అంటే ఒక్కో ఫ్రేము, ఉండేది 41.67 మిల్లీసెకన్లు. కనురెప్ప వాల్చి ఎత్తేలోగా రెండు మూడయినా దాటిపోతాయి. రెండున్నర గంటల తెలుగు సినిమాలో 9,000 సెకన్లు, 2,16,000 ఫ్రేములు. ఫిల్ము ఉన్న రోజుల్లో 35 ఎం.ఎం.లో అడుగుకి 16 ఫ్రేములు, నిమిషానికి 90 అడుగులు. ఆ లెక్కన సినిమా పొడవు 13,500 అడుగులు, అంటే నాలుగు కిలోమీటర్ల పైచిలుకు. ఎక్కడ తెంచి ఎక్కడ అతికించాలో ఆ నాలుగు కిలోమీటర్ల పొడవునా ఒకరు కూర్చుని నిర్ణయించారు. పాత సినిమాల టైటిల్స్‌లో ఆ పని చేసినవారి పేరు పక్కన ‘కూర్పు’ అని వేసేవారు. ఎడిటింగ్ అన్న మాటకన్నా నాకు ఆ మాటే ఇష్టం. కత్తిరించడం అందులో సగమే. మిగతా సగం కూర్చడం.

మన దగ్గర సినిమా అంటే 24 క్రాఫ్టులు అంటారు. వాటిలో చాలావాటిని షూటింగ్ చూడటానికి వెళ్లినవాళ్లు కళ్లారా చూడగలరు. ఎడిటింగూ, సౌండ్ ఎడిటింగూ మాత్రం కనిపించవు. గుమ్మడికాయ కొట్టి యూనిట్ ఇళ్లకి వెళ్లాకే వీళ్ల పని ఊపందుకుంటుంది. అందుకేనేమో, ఈ రంగంలోకి రావాలనుకునే కుర్రవాళ్లు అడిగే మొదటి ప్రశ్న ‘ఏ సాఫ్ట్‌వేర్ నేర్చుకోవాలి?’ అని ఉంటుంది. అది మొదట అడగాల్సిన ప్రశ్న కాదని నా గట్టి నమ్మకం. ఎందుకో అంకెలే చెబుతాయి.

480 గంటల్లోంచి 2 గంటలు

‘మ్యాడ్ మ్యాక్స్: ఫ్యూరీ రోడ్’ సినిమాకి ఎడిటర్ మార్గరెట్ సిక్సెల్ ముందుకొచ్చిన ఫుటేజీ దాదాపు 480 గంటలు. రోజుకి 8 గంటల చొప్పున ఒక్కసారి చూడటానికే 60 రోజులు పడుతుంది. ఒక్క కట్ కూడా వేయకుండా, ఊరికే చూడటానికి. చివరికి తేలిన సినిమా 120 నిమిషాలు, అందులో సుమారు 2,700 కట్లు. అంటే సగటున రెండున్నర సెకన్లు దాటీ దాటకముందే ఒక కట్. అంత వేగంలోనూ ఎవరు ఎవరి వెనక వస్తున్నారో ప్రేక్షకుడికి తికమక ఉండదు. 2016లో ఆమెకి ఆస్కార్ వచ్చింది.

ఇంకొంచెం వెనక్కి వెళ్తే వాల్టర్ మర్చ్. 1979లో వచ్చిన ‘అపోకలిప్స్ నౌ’కి ప్రింట్ చేసిన ఫిల్ము పన్నెండున్నర లక్షల అడుగులు, 230 గంటల పైమాటే. తెర మీద మిగిలిన ప్రతి నిమిషానికీ 95 నిమిషాలు పక్కన పెట్టేశారు. ఆ సినిమాకి పనిచేసిన ఎడిటర్లలో ఆయన ఒకరు. తర్వాత ఆయన ఒక లెక్క వేశారు. సినిమాలో మిగిలిన కట్లని ఎడిటర్లంతా పనిచేసిన రోజులతో భాగిస్తే మనిషికి రోజుకి 1.47 కట్లు వచ్చాయి. ఒకటిన్నర కూడా లేదు!

మరి మిగతా రోజంతా ఏం చేసినట్టు? ఒక కట్ పెట్టి చూడటం, తీసేయడం, నాలుగు ఫ్రేములు వెనక్కి జరపడం, మళ్లీ మొదటి నుంచి చూడటం, మర్నాడు పొద్దున్నే వచ్చి నిన్న బాగుందనుకున్నదాన్ని చెరిపేయడం. బటన్ నొక్కడానికి ఒక్క క్షణం చాలు. ఆ బటన్ ఎక్కడ నొక్కాలో తేల్చుకోవడానికే రోజులు పడతాయి. సాఫ్ట్‌వేర్ తగ్గించేది ఆ మొదటి క్షణాన్నే.

అదే మర్చ్ శబ్దంలోనూ మహామహుడు. ‘అపోకలిప్స్ నౌ’కి ఆయనకి ఆస్కార్ వచ్చింది శబ్దానికే. 1997లో ‘ది ఇంగ్లిష్ పేషెంట్’కి ఎడిటింగ్‌కీ, శబ్దానికీ రెండు ఆస్కార్లూ ఒకే రాత్రి అందుకున్నారు. కంప్యూటర్ మీద ఎడిట్ చేసిన సినిమాకి ఎడిటింగ్ ఆస్కార్ రావడం అదే మొదటిసారి. ఒకే మనిషి రెండు పనుల్లోనూ అంత ఎత్తుకి ఎదగడం యాదృచ్ఛికం అనుకోను. ఆ రెండూ ఒకే పనికి రెండు చివరలు.

గరిటె ఆగిన చోట

ఒక చిన్న సన్నివేశం అనుకుందాం. అమ్మ కొడుక్కి అన్నం వడ్డిస్తోంది. కొడుకు తలెత్తకుండా, ‘అమ్మా, వచ్చే నెల అమెరికా వెళ్తున్నా’ అన్నాడు. అమ్మ చేతిలో గరిటె ఆగింది. ఇంతే. మన దగ్గర రెండు షాట్లు ఉన్నాయి: కొడుకు ముఖం, అమ్మ ముఖం.

కొడుకు మాట పూర్తయ్యాక అమ్మ మీదికి కట్ చేస్తే అది సమాచారం. కొడుకు చెప్పాడు, అమ్మ విన్నది. ఇప్పుడు ఆ కట్‌ని 20 ఫ్రేములు ముందుకి లాగండి. ‘వచ్చే నెల’ అన్న దగ్గరే బొమ్మ అమ్మ మీదికి వచ్చేస్తుంది, కొడుకు గొంతు మాత్రం సాగుతూ ఉంటుంది. ‘అమెరికా’ అన్న మాట మనం అమ్మ ముఖం మీద వింటాం. మాట అనకముందే ఆమెకి తెలిసిపోయిందా అన్న అనుమానం అక్కడ పుడుతుంది. సంభాషణ మారలేదు, నటన మారలేదు. ఒక సెకను కన్నా తక్కువ జరిపాం, సన్నివేశం కొడుకు చేతిలోంచి అమ్మ చేతిలోకి వచ్చింది. బొమ్మ మారాక కూడా వెనకటి శబ్దం సాగితే ఎల్ కట్ అంటారు, శబ్దమే ముందు వచ్చి బొమ్మ తర్వాత వస్తే జె కట్. టైమ్‌లైన్ మీద ఆ ముక్కలు ఆ అక్షరాల ఆకారంలో కనిపిస్తాయి కాబట్టి ఆ పేర్లు.

ఇక శబ్దం. ఆ గదిలో ఫ్యాను తిరుగుతోంది. మొదటి నుంచీ ఆ ఫ్యాను చప్పుడు మెల్లగా వినిపిస్తూనే ఉంది, మనం పట్టించుకోలేదు. గరిటె ఆగిన తర్వాత ఏం వినిపించాలి? సంగీతం మోగిస్తే ప్రేక్షకుడికి ఏడవమని చెప్పినట్టు అవుతుంది. ఏమీ మోగించకుండా, ఫ్యాను చప్పుడుని ఒక పిసరు పెంచి, రెండు సెకన్ల తర్వాత వంటింట్లోంచి కుక్కర్ విజిల్ వేయించండి. అమ్మ ఉలిక్కిపడి లేస్తుంది. అక్కడ కట్ చేయొచ్చు. ఆ విజిల్ షూటింగ్‌లో లేదు. రెండు వారాల తర్వాత సౌండ్ ఎడిటర్ తెచ్చి పెట్టాడు. విజిల్ ఎక్కడ పడుతుందో తేలాక అమ్మ ఎక్కడ లేవాలో కూడా తేలింది కాబట్టి ఎడిటర్ మళ్లీ వెనక్కి వెళ్లి ఆ షాట్‌ని 6 ఫ్రేములు పొడిగించాడు. బొమ్మా శబ్దమూ వేర్వేరు గదుల్లో జరిగే వేర్వేరు పనులని అనుకునేవాళ్లు ఈ ఆరు ఫ్రేముల గురించి ఆలోచించాలి.

ఒక్కో ఫ్రేములో 2,000

సినిమా శబ్దాన్ని సెకనుకి 48,000 నమూనాలుగా రికార్డు చేస్తారు. 24తో భాగిస్తే ఒక ఫ్రేముకి 2,000. ఎడిటర్‌కి అతి చిన్న ముక్క ఒక ఫ్రేము. సౌండ్ ఎడిటర్‌కి ఆ ఫ్రేము లోపలే ఇంకా 2,000 మెట్లు ఉన్నాయి. నటుడు మాట మొదలుపెట్టే ముందు పెదవి విడిపోతున్నప్పుడు వచ్చే చిన్న ‘ట్చ్’ చప్పుడు ఫ్రేములో ఒక మూలకి సరిపోతుంది. దాన్ని వెతికి తీసేయాలి. తీసిన చోట శూన్యం ఉండకూడదు, ఆ గది ఊపిరి ఉండాలి. అందుకే లొకేషన్‌లో అందరినీ కదలకుండా నిలబెట్టి అర నిమిషమో, నిమిషమో ఖాళీ గది శబ్దాన్ని రికార్డు చేస్తారు. దాన్ని రూమ్ టోన్ అంటారు. షూటింగ్ హడావిడిలో ఆ నిమిషం ఇవ్వకపోతే ఆ తర్వాత సౌండ్ ఎడిటర్‌కి అది కొన్ని రోజుల పని అవుతుంది.

మాట పెదవులతో కలవడం గురించి అంతర్జాతీయ టెలికమ్యూనికేషన్ యూనియన్ ప్రసారాల కోసం ఇచ్చిన సిఫారసులో ఒక ఆసక్తికరమైన లెక్క ఉంది. బొమ్మకన్నా శబ్దం 45 మిల్లీసెకన్లు ముందుంటే చాలు, మనుషులు పసిగట్టేస్తారు. వెనకబడితే మాత్రం 125 మిల్లీసెకన్ల దాకా గుర్తుపట్టరు. ముందుకైతే ఒక్క ఫ్రేము, వెనక్కైతే మూడు. ఎందుకీ తేడా? కారణం ఆ చెరువు గట్టు దగ్గరే ఉందని నాకు అనిపిస్తుంది. పుట్టినప్పటి నుంచీ మన చెవికి కాస్త ఆలస్యంగా వచ్చే చప్పుడు అలవాటే. దెబ్బ పడకముందే చప్పుడు వినిపించడం మాత్రం లోకంలో ఎక్కడా జరగదు.

థియేటర్లోనూ ఇదే. ఒక ఫ్రేము కాలంలో ధ్వని నడిచేది సుమారు 14 మీటర్లు. తెరకి 28 మీటర్ల దూరంలో, వెనక వరసలో కూర్చున్నవాళ్లకి ప్రతి మాటా రెండు ఫ్రేములు ఆలస్యం. ఎవరూ ఫిర్యాదు చేయరు.

డబ్బింగ్ దగ్గర మన భాష స్వభావం తెలిసి ఉండటం పెద్ద ఆస్తి. తెలుగు అజంత భాష, మాట చివర అచ్చు పలుకుతుంది, నోరు తెరుచుకునే ఉంటుంది. ఇంగ్లీషు మాటలు చాలావరకు హల్లుతో ముగుస్తాయి, నోరు చాలాసార్లు ముందే మూతపడిపోతుంది. హాలీవుడ్ సినిమాకి తెలుగు చెప్పించేటప్పుడు తెర మీద నోరు మూసుకుపోయాక మన అచ్చు ఇంకా మోగుతూ ఉంటుంది. పనితనం ఉన్న డబ్బింగ్ ఎడిటర్ వాక్యమంతా పెదవులతో కలిపే ప్రయత్నం చేయడు. ప, బ, మ దగ్గర, అంటే పెదవులు రెండూ తాకే ఓష్ఠ్యాల దగ్గర మాటని మేకు కొట్టినట్టు బిగిస్తాడు. మిగతా అక్షరాలు కాస్త అటూ ఇటూ అయినా కన్ను ఒప్పుకుంటుంది. చిన్నప్పుడు బడిలో వల్లెవేసిన వర్ణమాల ఇక్కడ అన్నం పెడుతుంది.

మన దేశంలో దశాబ్దాల పాటు దాదాపు ప్రతి సినిమాకీ మాటలు డబ్బింగ్ థియేటర్లోనే చెప్పారు. చేతిలో ఇమిడే ఆరిఫ్లెక్స్ కెమెరాలు చప్పుడు చేసేవి, లొకేషన్‌లో రికార్డు చేసిన మాట పనికొచ్చేది కాదు. 2001లో ‘లగాన్’ లొకేషన్‌లోనే మాటలు రికార్డు చేశాక సింక్ సౌండ్ మీద మళ్లీ ఆసక్తి పెరిగింది. అయినా తెలుగులో డబ్బింగ్ బలం తగ్గలేదు. పైగా ‘ఆర్ఆర్ఆర్’లా ఒక సినిమా తెలుగు, తమిళం, హిందీ, కన్నడం, మలయాళంలో వస్తే మాటల ట్రాక్ ఐదుసార్లు తయారవ్వాలి. సంగీతం, ఎఫెక్టులు మాత్రం ఒకటే. ఆ రెండూ మాటలతో కలిసిపోకుండా విడిగా, నిండుగా ఉండాలి. అడుగుల చప్పుడు, పట్టుచీర గరగర, పట్టీల మోత, స్టీలు గ్లాసు బల్ల మీద పెట్టిన చప్పుడు, అన్నీ ఫోలీ కళాకారులు స్టూడియోలో బొమ్మ చూస్తూ మళ్లీ చేస్తారు. హాలీవుడ్‌లో ఈ పనికి బాట వేసిన జాక్ ఫోలీ పేరే దానికి నిలిచింది. సినిమా ఎన్ని భాషల్లో వస్తే ఈ విడి ట్రాకుల విలువ అంత పెరుగుతుంది.

చివరికి ఇవన్నీ మిక్సింగ్ ఇంజినీర్ బల్ల దగ్గరికి చేరతాయి. 5.1 అంటే 6 చానెళ్లు, 7.1 అంటే 8. 2012లో వచ్చిన డాల్బీ అట్మాస్‌లో ఒకేసారి 128 ట్రాకుల దాకా నడపొచ్చు, హాల్లో 64 దాకా స్పీకర్ లైన్లకి విడివిడిగా పంపొచ్చు. వాన చినుకు నెత్తి మీద పడాలో, కిటికీ అవతల పడాలో నిర్ణయించొచ్చు. ఇన్ని ఉన్నాయని అన్నీ మోగించాలని మాత్రం లేదు. మన పెద్ద సినిమాల్లో కొన్నింటిలో అన్నీ ఒకేసారి మోగి మాట మునిగిపోవడం నన్ను బాధపెట్టే విషయం. మాట వినపడకపోతే మిగతా 127 ట్రాకులు ఎందుకు?

థియేటర్ మిక్స్ చేసే గదిలో తెర వెనక ఒక్కో స్పీకర్‌ని 85 డెసిబెల్స్ దగ్గర సరిచూస్తారు. అదే సినిమా ఓటీటీకి వెళ్తే లెక్క మారుతుంది. నెట్‌ఫ్లిక్స్ తనకిచ్చే మిక్స్‌లో మాటల సగటు స్థాయి మైనస్ 27 ఎల్.కె.ఎఫ్.ఎస్. (శబ్దం ఎంత బిగ్గరగా ఉందో చెప్పే కొలత) దగ్గర, 2 అటూ ఇటూగా ఉండాలంటుంది. హాల్లో అదిరిపోయిన పోరాటం, రాత్రి పిల్లలు నిద్రపోతుండగా టీవీలో చూసేవాళ్లకి అదే స్థాయిలో ఉండకూడదు కదా. అందుకని ఇంటి మిక్స్ విడిగా చేస్తారు. కొత్తవాళ్లకి చోటు దొరికే పనుల్లో ఇదొకటి.

85 అన్న అంకె ఇంకో కారణానికి కూడా గుర్తుంచుకోవాలి. అమెరికా వృత్తి ఆరోగ్య సంస్థ నియోష్ చెప్పే హద్దు రోజుకి 8 గంటలకి 85 డెసిబెల్స్. ఆపైన ప్రతి 3 డెసిబెల్స్‌కీ సమయం సగమవుతుంది: 88 దగ్గర 4 గంటలు, 91 దగ్గర 2 గంటలు, 94 దగ్గర గంట. శబ్దంతో బతకాలనుకునేవాడికి చెవే పెట్టుబడి. పోయిన వినికిడి తిరిగి రాదు. హెడ్‌ఫోన్లు పెట్టుకుని రాత్రంతా పనిచేయడం గొప్పగా చెప్పుకునే పిల్లలకి ఈ నాలుగు అంకెలూ గోడ మీద రాసి పెట్టమని చెబుతాను.

దారులు

కె. విశ్వనాథ్ గారు దర్శకుడు కాకముందు మద్రాసులో వాహినీ స్టూడియో శబ్దగ్రహణ విభాగంలో పనిచేశారు. ‘శంకరాభరణం’లో నిశ్శబ్దం ఎక్కడ ఉండాలో తెలిసిన మనిషి ఆ చెవి ఎక్కడ సంపాదించారో ఊహించొచ్చు. రాజమౌళి గారు తొలి రోజుల్లో ఎడిటర్ కోటగిరి వెంకటేశ్వరరావు గారి దగ్గర పని నేర్చుకున్నారు. తర్వాత తన ‘బాహుబలి’ని ఎడిట్ చేసింది ఆ గురువే. ఎడిటర్ అక్కినేని సంజీవి గారి అబ్బాయి శ్రీకర్ ప్రసాద్ పదిహేనుకి పైగా భాషల్లో సినిమాలు కూర్చారు. మన తెలుగు ‘జెర్సీ’కి నవీన్ నూలి జాతీయ ఉత్తమ ఎడిటర్ అయ్యారు. పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ (ఎఫ్.టి.ఐ.ఐ.)లో చదివిన రేణు సలూజా ఎడిటింగ్‌లో 4 జాతీయ అవార్డులు అందుకున్నారు. అక్కడే చదివిన రసూల్ పూకుట్టి 2009లో ‘స్లమ్‌డాగ్ మిలియనీర్’ శబ్దానికి ఆస్కార్ పంచుకున్నారు. ఆడపిల్లలు ఈ పనికి రారన్న మాట ఎవరైనా అంటే రేణు సలూజా, మార్గరెట్ సిక్సెల్ పేర్లు చెప్పండి చాలు.

చదువుకునే దారి ఉంది. పుణెలో ఎఫ్.టి.ఐ.ఐ. 1960లో, కోల్‌కతాలో సత్యజిత్ రాయ్ ఫిల్మ్ సంస్థ 1995లో మొదలయ్యాయి. రెండింటిలోనూ ఎడిటింగ్‌కి, శబ్దానికి విడివిడిగా 3 ఏళ్ల కోర్సులు ఉన్నాయి. డిగ్రీ చేసినవాళ్లు ప్రవేశ పరీక్ష రాయాలి. హైదరాబాద్‌లో 2011 నుంచి అన్నపూర్ణ ఫిల్మ్ కాలేజీ ఉంది. ప్రైవేటు చోట చేరే ముందు ఫీజు ఒక్కటే అడగకండి. మిక్సింగ్ గదిలో విద్యార్థి స్వయంగా కూర్చునే గంటలు ఎన్నో అడగండి.

రెండో దారి ఎడిటర్ దగ్గర అసిస్టెంటుగా చేరడం. ఇందులో ఒక మార్పు వచ్చింది. ఒకప్పుడు అసిస్టెంటు పని మూవియోలా అనే ఎడిటింగ్ యంత్రం పక్కనే ఉండేది. క్లాప్ చూసి బొమ్మకీ మాటకీ జత కలపడం, ముక్కలు వెతికి అందించడం, ఆ వంకన ఎడిటర్‌కీ దర్శకుడికీ మధ్య జరిగే వాదన అంతా వినడం. ఇప్పుడు బొమ్మకీ శబ్దానికీ ఒకే టైమ్‌కోడ్ ఉంటే జత కలపడం నిమిషాల పని. అసిస్టెంటు వేరే గదిలో, కొన్నిసార్లు వేరే ఊళ్లో హార్డ్ డిస్కులతో కూర్చుంటున్నాడు. పని తేలికైంది, నేర్చుకునే చోటు దూరమైంది. కాబట్టి చేరేటప్పుడే ‘సార్, ఫైన్ కట్ చేసేటప్పుడు వెనక కూర్చోనివ్వండి’ అని అడగాలి. జీతం ఎంతో, ఏ తేదీకో, టైటిల్స్‌లో పేరు పడుతుందో లేదో కాగితం మీద రాయించుకోవాలి. మొహమాటపడి అడగనివాళ్లే నెలల తరబడి ఊరికే పనిచేస్తున్నారు.

ఏ దారైనా, డబ్బు కట్టే ముందు ఒక పని చేసి చూడండి. డావిన్చీ రిజాల్వ్ అనే ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్ ఉచితంగా దొరుకుతుంది, బొమ్మా శబ్దమూ రెండూ అందులోనే కూర్చొచ్చు. మీ ఇంట్లో అమ్మ వడ్డిస్తుండగా, నాన్న పేపరు చదువుతుండగా ఫోనుతో అరగంట తీయండి. అందులోంచి 4 నిమిషాలు, అంటే 5,760 ఫ్రేములు మిగల్చండి. ఫ్యానూ, కుక్కరూ, వీధిలో కూరగాయల బండి కేకా విడిగా రికార్డు చేసి కలపండి. తర్వాత బొమ్మ ఆపేసి శబ్దం ఒక్కటే వినండి, శబ్దం ఆపేసి బొమ్మ ఒక్కటే చూడండి. నాలుగో రోజు కూడా ఏదో ఒక కట్‌ని ఒక్క ఫ్రేము జరపాలని చెయ్యి లాగుతుంటే, ఆ 4 నిమిషాల ముక్క పట్టుకుని ఎడిటర్ దగ్గరికి వెళ్లండి. ఆయన ముందు చూసేది దాన్నే, సర్టిఫికెట్‌ని కాదు.